సైకిలంటే తొక్కడమే

ఎడ్లబండిని తోలతాం. కారును నడుపుతాం. గుర్రం మీద స్వారీ చేస్తాం. చేత్తో లాగే రిక్షాను లాగుతాం. సైకిల్ దగ్గరికి వచ్చేసరికి మాత్రం తెలుగువాళ్ల నోట ఒకటే మాట: తొక్కడం. "సైకిల్ తొక్కడం వచ్చా?", "ఎంత దూరం తొక్కావు?", "ఇక నా వల్ల కాదు, నువ్వు తొక్కు". ఇనప సైకిల్ ఇంటి అరుగు మీద ఆనించి ఉండే రోజుల్లో ఈ మాట వినపడని పూట ఉండేది కాదు. ఇప్పుడు పిల్లలు "రైడ్ చేశా" అంటున్నారు. అందులో తప్పేమీ లేదు గానీ, తొక్కడం అన్న మాటలో ఉన్న కాలి బరువు ఆ మాటలో లేదు.

సైకిల్‌ను నడపడం అని ఎందుకు అనం? అలా అంటే అర్థం మారిపోతుంది కాబట్టి. "సైకిల్ నడిపించుకుంటూ వచ్చాడు" అంటే ఎక్కకుండా, హ్యాండిల్ పట్టుకుని పక్కన నడుస్తూ వచ్చాడని. పంచరైనా, వెనక క్యారేజీ మీద ధాన్యం బస్తా ఉన్నా, ఎదురుగా పెద్దాయన కనపడి గౌరవంగా దిగినా, సైకిల్‌ను నడిపించేవాళ్లు. "సైకిలేసుకుని వచ్చాడు" అంటే ఊరికే సైకిల్ మీద వచ్చాడని. "తొక్కుకుంటూ వచ్చాడు" అంటే అందులో శ్రమ వినపడుతుంది, దూరం వినపడుతుంది. "ఎండలో అంత దూరం తొక్కుకుంటూ వచ్చావా నాయనా!" అని అమ్మమ్మ మంచినీళ్ల చెంబు అందించేది ఆ మాట పలుకుతూనే.

ఇంకో చిన్న నిదర్శనం చూడండి. వెనక స్టాండు వేసి ఉన్న సైకిల్ ఎక్కి, చక్రం గాల్లో గిర్రున తిరుగుతుంటే పెడళ్లు తిప్పని పిల్లలు లేరు. ఒక్క అడుగు కూడా ముందుకు పోరు, అయినా "సైకిల్ తొక్కుతున్నాం" అనే అనేవాళ్లు. ఇవాళ జిమ్‌లో నేలకు బిగించిన సైకిల్ మీద అరగంట చెమటోడ్చినవాళ్లు కూడా తొక్కామనే అంటారు. కదలని బండిని నడపడం, తోలడం కుదరదు, తొక్కడం కుదురుతుంది. ఈ మాట ప్రయాణానికి పెట్టిన పేరు కాదు, కాలు చేసే పనికి పెట్టిన పేరు.

మన ఇరుగుపొరుగు భాషలకూ ఇదే చూపు ఉంది. కన్నడంలో సైకల్ 'తుళి' అంటారు, మలయాళంలో 'చవిట్టు' అంటారు. రెండింటి అర్థమూ తొక్కమనే. తమిళంలో అన్ని బండ్లకూ వాడే 'ఓట్టు' ఉన్నా, సైకిల్‌కు 'మిది' కూడా ఉంది, అదీ తొక్కడమే. హిందీలో సైకిలైనా మోటారైనా 'చలానా'తో సరిపోతుంది. హైదరాబాదులో ఒకే ఇంటి ముందు ఉర్దూలో 'చలావ్' అనీ, తెలుగులో 'తొక్కు' అనీ రెండూ వినపడేవి.

సైకిల్ మన ఊళ్లకు రాకముందు నుంచీ ఈ మాట మన కాళ్ల కింద ఉన్నదే. పాత తెలుగులో 'త్రొక్కు'. కుమ్మరి మట్టి తొక్కుతాడు. గోడలు పెట్టేవాళ్లు నీళ్లు పోసి, గడ్డి కలిపి, అడుసు తొక్కుతారు. వరి మడిలో పచ్చిరొట్ట వేసి బురదలోకి తొక్కుతారు. 'అడుసు తొక్కనేల కాలు కడగనేల' అన్న సామెత పుట్టింది ఆ బురదలోంచే. నీళ్లు తోడే ఏతం మీద మనిషి ఎక్కి, అటూ ఇటూ నడుస్తూ తన ఒంటి బరువుతో దూలాన్ని వంచేవాడు. దాన్నీ ఏతం తొక్కడమే అన్నారు. గుంటమగ్గంలో కాళ్లు దించి కూర్చున్న నేతగాడు కింద చెక్కల్ని మార్చి మార్చి తొక్కితేనే పడుగు పోగులు విడి, నాడె దూరడానికి దారి ఇచ్చేది. పద్య నాటకాల్లో హార్మోనిస్టు చేతులతో మెట్లు పలికిస్తూ కింద కాళ్లతో తిత్తులు తొక్కేవాడు. దర్జీ సరేసరి, మిషన్ తొక్కుతాడు.

ఇన్ని పనుల్లోనూ కలిసే అంశం ఒకటుంది. ఒంటి బరువు కాలి గుండా కిందికి దిగుతుంది, కిందున్న వస్తువు ఆ బరువుకు లొంగి పని చేస్తుంది. సైకిల్ వచ్చినప్పుడు దానికి కొత్త మాట వెతుక్కోవలసిన అవసరమే రాలేదు. పెడల్ మీద కాలు పడగానే, అది తొక్కడమేనని చూసినవాళ్లందరికీ తెలిసిపోయింది.

సైకిల్ మొదటి రూపానికి ఈ మాట సరిపోయేది కాదు. 1817లో జర్మనీలోని మన్‌హైమ్‌లో కార్ల్ డ్రైస్ తయారుచేసిన రెండు చక్రాల కొయ్య బండికి పెడళ్లు లేవు. దాని మీద కూర్చుని రెండు కాళ్లతో నేలను వెనక్కి తన్నుకుంటూ పోవాలి. దాన్ని తొక్కడమనలేం, తన్నడమనాలి. 1860లలో పారిస్‌లో ముందు చక్రం ఇరుసుకు పెడళ్లు పెట్టిన తరువాతే తొక్కుడు మొదలైంది. అప్పుడు కూడా పెడల్ ఒక చుట్టు తిరిగితే చక్రమూ ఒకే చుట్టు తిరిగేది. అందుకే వేగం కావాలంటే ముందు చక్రాన్ని మనిషెత్తు చేయవలసి వచ్చింది. 1885లో ఇంగ్లండులోని కోవెంట్రీలో జె.కె. స్టార్లీ రోవర్ సైకిల్ తెచ్చాడు. పెడళ్లు మధ్యలో, చైను వెనక చక్రానికి. మన తాతల ఇళ్లలో ఉన్న నల్ల సైకిల్ దాని వంశంలోదే.

ఆ నల్ల సైకిల్‌ను ఒకసారి దగ్గరికి తీసుకుని చూద్దాం. హీరో, అట్లాస్, ర్యాలీ, హెర్క్యులెస్, ఫిలిప్స్... పేరేదైనా రూపం ఒకటే. 28 అంగుళాల చక్రాలు, పెద్దవాళ్లకు 22 లేదా 24 అంగుళాల ఫ్రేము, ముందు చక్రానికి 32 పుల్లలు, వెనక చక్రానికి 40. వెనక 8 పుల్లలు ఎక్కువెందుకంటే, మనిషి బరువు, క్యారేజీ బరువు, పైగా తొక్కుడు బలం అంతా పడేది ఆ చక్రం మీదే. పెడల్ చేయి, అంటే క్రాంకు, సుమారు 7 అంగుళాలు. ముందు పళ్ల చక్రానికి 44 పళ్లు, వెనక ఫ్రీవీల్‌కు, అంటే వెనక చక్రం మధ్యన ఉండే చిన్న పళ్ల చక్రానికి, 18 పళ్లు ఉన్న సైకిల్ తీసుకుంటే, పెడల్ ఒక చుట్టు తిరిగేసరికి వెనక చక్రం దాదాపు రెండున్నర చుట్లు తిరుగుతుంది. నేల మీద అది సుమారు ఐదున్నర మీటర్లు. కిలోమీటరుకు 183 చుట్లు. రెండు కాళ్లూ లెక్కేస్తే 366 తొక్కుళ్లు. పక్క ఊరి హైస్కూలు 5 కిలోమీటర్లయితే, పోనూ రానూ కలిపి మూడు వేల ఆరు వందల అరవై తొక్కుళ్లకు తక్కువుండవు. పాఠాలు మొదలవక ముందే పిల్లాడి కాళ్లు అందులో సగం లెక్క పూర్తి చేసి కూర్చునేవి.

బలం లెక్క ఇంకా ముచ్చటగా ఉంటుంది. 44 పళ్ల చక్రం సగం అడ్డకొలత మూడున్నర అంగుళాలు. క్రాంకు దానికి రెండింతలు. కాబట్టి క్రాంకు నేలకు సమాంతరంగా ఉన్నప్పుడు పెడల్ మీద 50 కిలోల బరువు వేస్తే చైను మీద 100 కిలోల లాగుడు పడుతుంది. వెనక చిన్న పళ్ల చక్రం నుంచి పెద్ద చక్రం అంచుకు చేరేసరికి అదే 10 కిలోల తోపుడు అవుతుంది. బలం ఐదో వంతుకు తగ్గింది, బదులుగా దూరం ఐదింతలయింది. అందుకే చదును రోడ్డు మీద హాయిగా పోయే సైకిల్ కాలవ గట్టు ఎక్కేటప్పుడు మొరాయిస్తుంది. అప్పుడు సీటు మీంచి లేచి తొక్కాలి. లేచి తొక్కడమంటే కూర్చున్నప్పుడు సీటు మోస్తున్న బరువును కూడా పెడల్‌కు ఇచ్చేయడమే.

పెడల్ సరిగ్గా పైన, సరిగ్గా కింద ఉన్నప్పుడు ఎంత తొక్కినా ఫలితం ఉండదు; బరువంతా క్రాంకు పొడవునా ఇరుసులోకి దిగిపోతుంది. నేర్పేవాళ్లు "ముందు పెడల్ పైకి తెచ్చుకోరా, కొంచెం ముందుకు వాల్చు, అప్పుడు తొక్కు" అనేది ఇందుకే. గడియారం ముల్లు ఒంటిగంట, రెండు మధ్య ఉన్నట్టు కుడి పెడల్ ఉంటే మొదటి తొక్కుడుకే బండి కదులుతుంది. పాదం మధ్య భాగంతో తొక్కడం చాలామందికి అలవాటు. వేళ్ల మొదట్లో ఉండే గట్టి భాగం పెడల్ మీద పడాలి, అప్పుడే పిక్క బలం కూడా కలుస్తుంది. సీటు ఎత్తుకు పాత కొలత ఉంది: మడమ పెడల్ మీద పెట్టి, పెడల్‌ను అడుక్కి దించితే మోకాలు నిటారుగా రావాలి. సీటు అంతకంటే కిందికి ఉంటే మోకాళ్ల ముందు భాగం నొప్పి పుడుతుంది. ఎత్తుగా ఉంటే నడుము అటూ ఇటూ ఊగుతుంది, సీటు ఒరుసుకుంటుంది.

ఈ లెక్కలేవీ పనికిరాని తొక్కుడు ఒకటుండేది. ఎనిమిదేళ్ల పిల్లాడు, ఇంట్లో 22 అంగుళాల నాన్నగారి సైకిల్. సీటు ఎక్కితే కాళ్లందవు. అడ్డ కడ్డీ మీంచి కాలు వేయలేడు. అందుకని కడ్డీ కిందుగా, ఫ్రేము త్రికోణంలోంచి కుడికాలు అవతలికి దూర్చి తొక్కేవాడు. దానికి ఊరుకో పేరు. తెలంగాణలో కైంచి అంటారు, కత్తెర అని. మిగతా చోట్ల కాంచీ, కత్తెర తొక్కుడు, అడ్డ తొక్కుడు, దొంగ తొక్కుడు. ఎడమచేయి ఎడమ హ్యాండిల్ మీద. కుడిచేయి అడ్డ కడ్డీని చుట్టి పట్టుకోవాలి, లేదా చంకలో సీటును ఇరికించుకోవాలి. ఎడమకాలు ఎడమ పెడల్ మీద. ఒళ్లంతా సైకిల్‌కు ఎడమ పక్కన వేలాడుతుంది కాబట్టి సైకిల్‌ను కుడివైపుకు వాల్చి పట్టుకోవాలి. ఈ వాలు కుదరనంతసేపూ పడిపోవడమే.

కైంచిలో మొదట నిండు చుట్టు రాదు. పెడల్‌ను సగం కిందికి తొక్కి, మళ్లీ వెనక్కి తెచ్చి, మళ్లీ సగం తొక్కుతారు. ఫ్రీవీల్ వెనక్కి తిరగనిస్తుంది గనకే ఈ అరతొక్కుడు సాధ్యం. చిర్ర్... టక్, చిర్ర్... టక్ అని ఒక లయలో పోతుంది. నాలుగైదు రోజులకు ధైర్యం వచ్చి ఒక నిండు చుట్టు పడుతుంది. చైను కుడివైపే ఉంటుంది కాబట్టి, దూర్చిన కుడికాలి పిక్క లోపలి వైపు పళ్ల చక్రం అచ్చు నల్లగా పడేది. చైను కవరు లేని సైకిలైతే లాగు అంచు పళ్లలో చిక్కుకుని బండీ మనిషీ కలిసి కిందపడేవారు. చిక్కిన గుడ్డను లాగితే చిరుగుతుంది. వెనక చక్రం లేపి, పెడల్‌ను మెల్లగా వెనక్కి తిప్పితే పళ్లే గుడ్డను వదిలేస్తాయి. పెద్దవాళ్లు ప్యాంటు కుడికాలి అంచుకు క్లిప్పు పెట్టుకునేది, క్లిప్పు లేకపోతే రబ్బరు బ్యాండు వేసుకునేది దీనికోసమే.

ఇంట్లో సైకిల్ దొరకనివాళ్లకు అద్దె షాపు ఉండేది. గంటకు ఇంతని లెక్క. పుస్తకంలో పేరు, నాన్నగారి పేరు, తీసుకున్న టైము రాసుకునేవారు; మడ్‌గార్డు మీద తెల్ల రంగుతో సైకిల్ నంబరు. తెలిసినవాళ్లు హామీ ఉంటేనే చేతికొచ్చేది. చిన్న సైకిళ్లకు స్టాండు ఉండదు, క్యారేజీ ఉండదు, మడ్‌గార్డు ఉండదు, చాలాసార్లు బ్రేకు కూడా ఉండదు. టైరు మీద చెప్పు అదిమి ఆపడమే. గంట డబ్బుతో తీసుకున్న సైకిల్‌ను ముగ్గురు పంచుకునేవారు. వీధి చివరి వేపచెట్టు దాకా ఒకడు, తిరిగి వచ్చేటప్పుడు ఇంకొకడు. "నీ తొక్కుడు అయిపోయింది, దిగు" అనేవాళ్లు. ఆ వాక్యంలో తొక్కుడు అంటే వంతు.

ఇక రిపేరు షాపు. సైకిల్ మేస్త్రి ముందు ప్రతి జబ్బూ తొక్కడం గుండానే చెప్పుకునేవాళ్లు. "తొక్కుడు బరువుగా ఉంది", "తొక్కితే టక్కుమంటోంది", "తొక్కితే జారుతోంది", "ఉత్తినే తిరుగుతోంది". మేస్త్రి ఆ మాటను బట్టే ఏ భాగం విప్పాలో తేల్చుకునేవాడు.

తొక్కుడు బరువైందంటే ముందు గాలి చూడాలి. బొటనవేలితో టైరు నొక్కితే దిగకూడదు. తరువాత వెనక చక్రం ఎత్తి చేత్తో తిప్పాలి. రెండు మూడు చుట్లకే ఆగిపోతే బ్రేకు కట్టె రిమ్ముకు రాసుకుంటోందో, మడ్‌గార్డు వంగి టైరుకు తగులుతోందో, చక్రం ఒక పక్కకు లాగి బిగించడం వల్ల టైరు ఫ్రేముకు ఒరుసుకుంటోందో చూడాలి. అవేవీ కాకపోతే లోపలి గుండ్లు. ముందు హబ్బులో, అంటే చక్రం నడిమి గొట్టంలో, పక్కకు 10 చొప్పున చిన్న గుండ్లు, వెనక హబ్బులో పక్కకు 9 చొప్పున పావు అంగుళం గుండ్లు, పెడళ్ల మధ్య ఇరుసు దగ్గర పక్కకు 11. వీటిలో ఒక్కటి పగిలినా ఆ ముక్క మిగతావాటిని గీరుతుంది, తొక్కినప్పుడల్లా పాదానికి కరకరమని తెలుస్తుంది. అన్నీ విప్పి, కిరసనాయిల్‌తో కడిగి, కొత్త గ్రీజు పెట్టి, గుండ్లు పేర్చి బిగించడాన్ని ఓవరాలింగ్ అనేవారు. గుండ్లను పట్టి ఉంచే కోను మరీ బిగిస్తే చక్రం బిగుసుకుంటుంది, వదులైతే పక్కలకు ఆడుతుంది. మేస్త్రి చక్రాన్ని గాల్లో ఎత్తి వదిలేవాడు. గాలి కొట్టే వాల్వు ఉన్న చోటు తన బరువుకు తానే మెల్లగా కిందికి వచ్చి ఆగితే బిగింపు కుదిరినట్టు.

టక్కు టక్కుమంటే దాదాపు ఎప్పుడూ కాటర్ పిన్నే. క్రాంకును ఇరుసుకు పట్టి ఉంచే, ఒక పక్క ఏటవాలుగా అరగదీసిన ఇనప చీల అది. అరిగిపోతే క్రాంకుకూ ఇరుసుకూ మధ్య సందు వస్తుంది. పెడల్ పైనుంచి దిగే ప్రతిసారీ ఒక టక్కు. చాలామంది నట్టు బిగిస్తే సరిపోతుందనుకుంటారు. నట్టు లాగితే పిన్ను కూర్చోదు, మర తెగుతుంది. క్రాంకు కింద గట్టి ఇనుము ఆసరా పెట్టి, పిన్ను తల మీద సుత్తితో కొట్టి కూర్చోబెట్టాలి, ఆ తరువాత నట్టు వదులు కాకుండా పట్టి ఉంచుతుంది. ఆసరా లేకుండా కొడితే దెబ్బంతా లోపలి గుండ్లకు, కప్పుకు పడుతుంది. ఇంకో జాగ్రత్త: రెండు పిన్నులూ ఎదురెదురు దిక్కుల్లో దూర్చాలి. రెండూ ఒకే వైపు నుంచి దూరిస్తే క్రాంకులు ఒకే గీతలో ఉండవు, ఒక కాలు ముందు, ఒక కాలు వెనక పడి తొక్కుడు కుంటుతుంది.

పెడల్ మార్చడంలో కొత్తవాళ్లు చేసే తప్పు అందరికీ తెలిసిందే, అయినా చెప్పుకోవాలి. ఎడమ పెడల్‌కు మర తిరగేసి ఉంటుంది. కుడిదానిలా తిప్పితే బిగుసుకుంటుందే తప్ప ఊడదు. బలవంతం చేస్తే క్రాంకులో మర పాడవుతుంది. గుర్తు పెట్టుకోవడానికి తేలిక దారి: పానా పెడల్‌కు పైన నిలబెట్టి, ముందు చక్రం వైపు తిప్పితే ఏ పెడలైనా బిగుస్తుంది, వెనక చక్రం వైపు తిప్పితే ఊడుతుంది. తొక్కుడు వల్ల పెడల్ తనంతట తాను ఊడిపోకుండా ఉండడానికే ఈ ఏర్పాటు.

తొక్కితే జారుతోందంటే చైనూ పళ్లూ అరిగినట్టు. చైను లింకు అర అంగుళం. 24 లింకులకు 12 అంగుళాలు రావాలి. స్కేలు పెట్టినప్పుడు దాని మీద ఇంకో ఎనిమిదో వంతు అంగుళం వచ్చిందంటే చైను పని అయిపోయింది. పాత పళ్ల చక్రానికి కొత్త చైను వేస్తే ఇంకా జారుతుంది, పళ్లు కూడా కొక్కేల్లా అరిగి ఉంటాయి కాబట్టి. చైను మరీ బిగువుగా ఉండకూడదు, మధ్యలో వేలితో ఎత్తితే అర అంగుళం ఆడాలి. చైను రెండు కొసల్నీ కలిపే లాకు మూసిన కొస బండి పోయే దిక్కుకు ఉండాలి. తిరగేసి పెడితే దేనికైనా తగిలినప్పుడు ఊడొచ్చు. దారిలో చైను పడిపోతే వెనక పళ్ల మీద ముందు వేసి, ముందు పళ్ల చక్రం అడుగున కొంచెం పట్టించి, పెడల్ వెనక్కి తిప్పితే ఎక్కి కూర్చుంటుంది. చేతికంటిన నల్ల జిడ్డు రోడ్డు పక్క మట్టితో రుద్దుకుంటే పోతుంది, ఒంటి గుడ్డకు మాత్రం అంటనివ్వకూడదు.

ఉత్త తొక్కుడు పడుతోందంటే ఫ్రీవీల్. పెడళ్లు తిరుగుతాయి, చైను తిరుగుతుంది, చక్రం మాత్రం కదలదు. ఫ్రీవీల్ లోపల చిన్న నాలుకల్లాంటి ముక్కలుంటాయి. సన్నటి స్ప్రింగు వాటిని పైకి లేపి పళ్లకు పట్టిస్తుంది. పాత గ్రీజు, దుమ్ము కలిసి ముద్దయితే ఆ నాలుకలు లేవవు. అందులో గ్రీజు పెట్టకూడదు. కిరసనాయిల్ పోసి, తిప్పి తిప్పి మడ్డి కార్చి, తరువాత రెండు చుక్కలు పలచటి నూనె వేస్తే మళ్లీ పడుతుంది. వానాకాలం వెళ్లగానే ఇది చేయించేవాళ్లు.

రాత్రి ప్రయాణాలకు డైనమో. 6 వోల్టుల బుడ్డి, వెనక టైరుకు ఆనించగానే లైటు వెలిగేది, తొక్కుడు కొంచెం బరువెక్కేది. వేగంగా తొక్కితే వెలుగు పెరిగేది, నెమ్మదిస్తే మినుకుమినుకుమనేది, ఆగితే చీకటి. తన కాలి బలం వెలుగుగా కళ్ల ముందు పరుచుకోవడం పిల్లలకు అద్భుతంగా తోచేది. దీపం లేకపోతే, ఒకే సైకిల్ మీద డబుల్స్ పోతే పోలీసులు ఆపే రోజులవి. తొక్కేవాడి ముందు కడ్డీ మీద చెల్లెలు, వెనక క్యారేజీ మీద తమ్ముడు ఉంటే, పోలీసు కనపడగానే ఇద్దరూ దిగి బుద్ధిగా నడిచేవారు.

మోపెడ్లు వచ్చాకా ఈ మాట వదల్లేదు. 1972లో లూనా, 1980లో టీవీఎస్ 50 వచ్చాయి. వాటికీ పెడళ్లుండేవి. తొక్కి స్టార్టు చేసేవాళ్లు, పెట్రోలు అయిపోతే బంకు దాకా తొక్కుకుంటూ పోయేవాళ్లు. పెడళ్లు పోయి కిక్కు వచ్చాక మాట మారి 'కొట్టడం' అయింది. కారులోనూ ఈ మాట కాలి దగ్గరే ఉండిపోయింది: బ్రేకు తొక్కు, క్లచ్చి తొక్కు. డ్రైవరు పక్కన కూర్చుని "ఇంకా తొక్కు" అంటే వేగం పెంచమని. స్టీరింగును తొక్కమని ఎవరూ అనరు గదా.

సైకిల్ దిగి ఊళ్లోకి నడిస్తే ఈ మాట ఇంకా ఎన్ని ఇళ్లలో కాపురం చేస్తోందో తెలుస్తుంది. ఆడపిల్లలు పెంకు ముక్కతో ఆడేది తొక్కుడు బిళ్ల. బందరులో శనగపిండితో చేసిన జంతికల్ని దంచి పొడి చేసి, బెల్లం పాకం, నెయ్యి చేర్చి మళ్లీ దంచి కట్టేది తొక్కుడు లడ్డు. తెలంగాణ ఇళ్లలో మామిడికాయ తొక్కు, చింతకాయ తొక్కు. ఈ తినేవాటికి కాలితో సంబంధం లేదు, రోట్లో పడిన రోకలి దెబ్బే తొక్కుడు. పీర్ల పండక్కి నిప్పుల గుండం తొక్కుతారు. కోపం వస్తే "మీ గడప తొక్కను" అంటారు. చిన్నపిల్లల వచ్చీరాని మాటలు తొక్కుపలుకులు. నడక నేర్చే పాదాలు తడబడినట్టే నాలుకా తడబడుతుందన్నట్టు ఎంత చక్కగా ఉంటుందో ఆ మాట. ఆఫీసులో ఫైలు తొక్కిపట్టడం, మాట ఇచ్చి తుంగలో తొక్కడం, అడ్డదారులు తొక్కడం, కొత్త పుంతలు తొక్కడం రోజూ పేపర్లో చదివేవే. జాతరల్లో జరిగే తొక్కిసలాట మాత్రం చదవాలనిపించని మాట.

వీటన్నిటిలో రెండు మాటలు పక్కపక్కన పెట్టి చూడదగ్గవి. అణగదొక్కడం ఒకటి, నిలదొక్కుకోవడం ఒకటి. రెండింట్లోనూ ఉన్నది 'తొక్కు'నే. మాట కలిసినప్పుడు తకారం దకారమైంది. మొదటిది కింద ఉన్నవాడి మీద వేసే బరువు. రెండోది తన కింది నేల మీద తాను వేసుకునే బరువు, జారకుండా నిలబడడానికి. సైకిల్ నేర్చుకునేటప్పుడు జరిగేది ఈ రెండోదే. భయపడి కాళ్లు ఆపేసినవాడు పడతాడు. వెనక సీటు పట్టుకుని పరుగెత్తే అన్నయ్య "కింద చూడకు, తొక్కు, ఆపకుండా తొక్కు!" అని అరిచేది అందుకే. బండి కదులుతుంటే హ్యాండిల్‌ను పడబోయే వైపుకు కొంచెం తిప్పి చక్రాన్ని ఒంటి కిందికి తెచ్చుకోవచ్చు. నిలబడిన బండికి ఆ వీలు లేదు. అన్నయ్య ఎప్పుడు చెయ్యి వదిలేశాడో తొక్కేవాడికి తెలియదు. గొంతు దూరమవడాన్ని బట్టి తెలుస్తుంది.

చెప్పుకోవలసిన మాట ఇంకొకటి మిగిలింది, తొక్కకపోవడానికి వాడేది. పల్లంలో పెడళ్లు ఆపి, కాళ్లు కదపకుండా పోవడాన్ని "వదిలేయడం" అంటారు. "వంతెన దిగుడులో వదిలేశాడు". ఎక్కేటప్పుడు లేచి తొక్కి తొక్కి, వంతెన నడిమికి చేరాక ఒక కాలు పైన, ఒక కాలు కింద ఆపి, సైకిల్‌ను వదిలేస్తే, చొక్కా వెనక గాలి నిండి ఉబ్బేది, ఫ్రీవీల్ లోపలి నాలుకలు పళ్ల మీద జారుతూ చిర్ర్ర్‌మని ఒకే పొడవున మోగేవి. ఆ చప్పుడు నెమ్మదించి ఒక్కో టక్కు విడివిడిగా వినపడే దాకా ఎవరూ మళ్లీ పెడల్ మీద బరువు వేసేవాళ్లు కాదు.